బంతి నెత్తి మీదుగా పోతుంటే: బేస్‌బాల్‌పై పాఠకుల ప్రశ్నలు, జవాబులు

ప్రశ్న: క్రికెట్‌లో లాంగాన్‌లో మంచి ఫీల్డర్‌నని పేరుంది. ఈ ఏడాది కాలేజీ బేస్‌బాల్ జట్టులో సెంటర్ ఫీల్డ్‌లో నిలబెట్టారు. ముందు పడే బంతులన్నీ పట్టేస్తున్నాను. నెత్తి మీదుగా పోయేవి మాత్రం అందడం లేదు. నా పరుగు చాలడం లేదా?
– డిగ్రీ విద్యార్థి, తార్నాక

జవాబు: పరుగుది కాదు తప్పు, మొదటి అడుగుది. లాంగాన్‌లో మీరు నిలబడేదే తాడు పక్కన. వెనక్కి పరుగెత్తాల్సిన పనే ఉండదు. ముందుకు రావడం, పక్కలకు పోవడం, ఇన్నేళ్లుగా మీ కాళ్లకు అబ్బింది ఇదే. బేస్‌బాల్ సెంటర్ ఫీల్డర్ పరిస్థితి వేరు. అమెరికా పెద్ద లీగ్ మైదానాల్లో మధ్య కంచె బ్యాటర్ నిలబడే హోమ్ ప్లేట్‌కి దాదాపు 120 మీటర్ల దూరంలో ఉంటుంది. ఫీల్డర్ నిలబడేది దానికి ఇరవై, పాతిక మీటర్లు ఇవతల. ఆ ఖాళీ అంతా అతని వీపు వెనకే. ముందు పడిన బంతికి ఒక్క బేస్ (రన్నర్ పరుగులో ఆగే మజిలీ) పోతుంది. వెనక పడినది కంచె దాకా దొర్లిపోతే రెండో, మూడో పోతాయి. అందుకే అవుట్‌ఫీల్డర్‌కి, అంటే మైదానం దూరపు భాగంలో నిలబడేవాడికి, మొదట నేర్పే సూత్రం: అనుమానం వస్తే ముందు వెనక్కి అడుగెయ్యి.

ఆ అడుగును ‘డ్రాప్ స్టెప్’ అంటారు. బంతి మీ కుడి భుజం మీదుగా పోతోందనుకోండి. కుడి కాలు ఎత్తి వెనక్కి, కాస్త పక్కకి వేయాలి. దాంతో పాటే నడుం కూడా తిరిగిపోవాలి. ఎడమ కాలు దాన్ని దాటుకుంటూ పడితే అప్పటికే మీరు పరుగులో ఉన్నట్టు. కుర్రాళ్లు చేసేది దీనికి పూర్తిగా ఎదురు: బంతికేసి మొహం పెట్టి, మడమల మీద వెనక్కి వెనక్కి నడుస్తారు. అలా నడిస్తే వేగం ఉండదు సరికదా, ప్రతి అడుగుకీ తల అదురుతుంది, తల అదిరితే బంతి గాల్లో వణుకుతున్నట్టు కనిపిస్తుంది. ‘చేతికొచ్చిన బంతి జారిపోయింది’ అనేవాళ్లలో చాలామందికి చెయ్యి జారలేదు, కన్ను అదిరింది. మునివేళ్ల మీద పరుగెత్తండి, తల నిలకడగా ఉంటుంది.

నేరుగా మీ మీదికే వచ్చే బంతి అన్నిటికన్నా కష్టం. పక్కనుంచి చూస్తే బంతి వంపు తెలుస్తుంది, ఎదురుగా చూస్తే తెలియదు. దానికి చిట్కా ఏమీ లేదు, ఒక్క క్షణం కదలకుండా చూడటమే. బ్యాట్ తగిలిన చప్పుడు వినగానే ముందుకు ఉరికితే ఆ బంతే నెత్తి మీదుగా పోతుంది.

క్రికెట్ నుంచి వచ్చిన ఇంకో అలవాటు కూడా మానుకోవాలి. రెండు చేతులూ ఛాతీ దగ్గర దొప్పలా పెట్టి, బంతిని లోపలికి లాక్కుంటూ పట్టడం ఉత్త చేతులకు సరైన పద్ధతి. గ్లోవ్ ఉన్నప్పుడు అలా పడితే బంతి నడుం దగ్గర ఉండిపోతుంది, అక్కడి నుంచి తీసి విసిరేలోపు రన్నర్ బేస్ చేరిపోతాడు. కుడిచేతి వాటం వాళ్లు కుడి భుజానికి ఎదురుగా, నుదుటికి కాస్త పైన పట్టాలి. ఉత్త చెయ్యి గ్లోవ్ పక్కనే ఉండాలి. బంతి పడగానే వేళ్లు కుట్లు వెతుక్కోవాలి. బేస్‌బాల్ మీద 108 జంట కుట్లు గుర్రపు నాడాల్లా మలుపు తిరిగి ఉంటాయి. చూపుడు వేలు, మధ్య వేలు ఆ నాడాకు అడ్డంగా, బొటనవేలు కింద. అలా పట్టి పైనుంచి విసిరితే బంతి వెనక్కి తిరుగుతూ తిన్నగా పోతుంది. కుట్ల వెంబడి పట్టినా, క్రికెట్‌లోలా పక్కనుంచి విసిరినా చివర్లో పక్కకి కోసుకుపోతుంది. చూడకుండా, గ్లోవ్‌లోనే వేళ్లతో కుట్లు వెతికే సాధన ఇంట్లో టీవీ ముందు కూర్చుని కూడా చేయొచ్చు. రోజుకి యాభై సార్లు చేస్తే నెలకల్లా వేళ్లకు తెలిసిపోతుంది.

ప్రశ్న: మా అబ్బాయికి పదహారేళ్లు, బేస్‌బాల్ అంటే ప్రాణం. అమెరికాలో అవుట్‌ఫీల్డర్లు ఆట మానేశాక కోచ్‌లు అవుతారని అంటున్నాడు. నిజంగా అదొక బతుకుతెరువేనా? మేం ఏమని చెప్పాలి?
– ఒక తండ్రి, మల్కాజిగిరి

జవాబు: అబ్బాయి చెప్పింది నిజమే. అయితే ఆ దారి ఎంత పొడుగో మీరిద్దరూ కలిసి చూడాలి.

డేవ్ రాబర్ట్స్‌నే తీసుకోండి. జపాన్‌లోని ఒకినావాలో పుట్టాడు, అమెరికాలో పెరిగాడు. 1994లో డ్రాఫ్ట్ (జట్లు వంతులవారీగా కొత్త ఆటగాళ్లను ఎంచుకునే పద్ధతి) 28వ రౌండ్‌లో డెట్రాయిట్ జట్టు ఎంచుకుంది. అంటే పెద్దగా ఎవరూ ఆశ పెట్టుకోని ఆటగాడు. ఐదేళ్లు చిన్న లీగుల్లో తిరిగి, 1999లో 27 ఏళ్ల వయసులో పెద్ద లీగ్‌లో అడుగుపెట్టాడు. పదేళ్లు ఆడి 243 బేస్‌లు దొంగిలించాడు, అంటే పిచర్ బంతి విసిరేలోపే పరుగెత్తి తర్వాతి బేస్ చేరాడు. జనం గుర్తుపెట్టుకున్నది మాత్రం వేరే ఒక్కటి: 2004 అమెరికన్ లీగ్ ఫైనల్ సిరీస్‌లో బోస్టన్ తరఫున దొంగిలించిన రెండో బేస్. యాంకీస్ చేతిలో 3-0తో వెనకబడి ఉంది బోస్టన్. నాలుగో మ్యాచ్ తొమ్మిదో ఇన్నింగ్స్. అతను పరుగెత్తబోతున్నాడని మైదానంలో అందరికీ తెలుసు, అయినా పరుగెత్తి చేరాడు. ఆ మ్యాచ్ గెలిచిన బోస్టన్ సిరీస్ కూడా గెలిచింది.

ఆట మానేశాక 2010లో అతనికి లింఫోమా అనే క్యాన్సర్ వచ్చింది. చికిత్స చేయించుకుని 2011లో శాన్ డియాగోకి ఫస్ట్ బేస్ కోచ్ (మొదటి బేస్ పక్కన నిలబడి రన్నర్‌కి సూచనలిచ్చేవాడు) అయ్యాడు, తర్వాత బెంచ్ కోచ్, అంటే మేనేజర్‌కి కుడిభుజం. 2016లో లాస్ ఏంజెలెస్ డాడ్జర్స్‌కి మేనేజర్, అంటే ప్రధాన కోచ్. 2020, 2024, 2025లో వరల్డ్ సిరీస్ (పెద్ద లీగ్ ఆఖరి టైటిల్ పోరు) గెలిపించాడు. డస్టీ బేకర్‌ది కూడా దాదాపు ఇదే బాట. 19 సీజన్లు ఆడిన అవుట్‌ఫీల్డర్, ఫస్ట్ బేస్ కోచ్‌గా మొదలై, హిట్టింగ్ కోచ్‌గా, మేనేజర్‌గా ఎదిగాడు. మేనేజర్‌గా వరల్డ్ సిరీస్ గెలిచింది 2022లో, 73 ఏళ్ల వయసులో.

ఫస్ట్ బేస్ కోచ్ పని గురించి అబ్బాయికి వివరంగా చెప్పండి, అసలు చదువు అక్కడే ఉంది. ఆ కోచ్ చేతిలో స్టాప్‌వాచ్ ఉంటుంది. పిచర్ (బంతి విసిరేవాడు) కదలడం మొదలుపెట్టిన దగ్గర్నుంచి బంతి క్యాచర్‌ని (బ్యాటర్ వెనక కూర్చుని పట్టేవాణ్ని) చేరేదాకా 1.3 సెకన్లు, క్యాచర్ పట్టి విసిరితే రెండో బేస్ చేరడానికి 2 సెకన్లు. మొత్తం 3.3. రన్నర్‌కి 3.4 పడుతుందంటే అవుట్. పిచర్ 1.5 తీసుకునే రకమైతే అదే రన్నర్ నిక్షేపంగా చేరతాడు. ఇంకో పక్క ఏ అవుట్‌ఫీల్డర్ చెయ్యి బలమైనది, ఎవరు ఎడమకి కదలడంలో మందకొడి అన్నది చూసి రన్నర్ చెవిలో వేయాలి. ఇదంతా ఆడే రోజుల్లో సెంటర్ ఫీల్డ్‌లో నిలబడి రోజూ చూసిందే. మైదానం మొత్తం ఒకేసారి కళ్ల ముందుండే చోటు అది. చాలా జట్లలో ఫస్ట్ బేస్ కోచే అవుట్‌ఫీల్డర్లకూ శిక్షణ ఇస్తాడంటే కారణం ఇదేనని మా అభిప్రాయం.

ఇక డబ్బు. 2023లో కుదిరిన ఒప్పందం ప్రకారం చిన్న లీగుల్లో పై మెట్టు ట్రిపుల్-ఏలో ఆటగాడి కనీస జీతం ఏడాదికి 35,800 డాలర్లు, అంటే 30 లక్షల రూపాయల పైచిలుకు. అమెరికా ఖర్చులకు అది బొటాబొటీ. పెద్ద లీగ్‌లో 2026 కనీసం 7,80,000 డాలర్లు. ఈ రెండింటి మధ్య అగాధం చూశారుగా. ఉన్నవి 30 పెద్ద జట్లు, ఒక్కోదానిలో 26 మంది. వాటిలో చోటు కోసం ఇక్కడి చదువు వదిలేయమని మేం ఎవరికీ చెప్పం. 2008లో మన దేశం నుంచి ఇద్దరు యువకులు పిట్స్‌బర్గ్ జట్టుతో ఒప్పందం చేసుకున్నారు గానీ పెద్ద లీగ్ దాకా వెళ్లలేదు.

మీ అబ్బాయి ఆడాలి, దాంతో పాటు డిగ్రీ, ఆపైన వ్యాయామ విద్యలో బీపీఈడీ చేయాలి. మన దగ్గర కోచ్‌గా, పీఈటీగా నిలబడటానికి ఆ కాగితం పనికొస్తుంది. ఇప్పటి నుంచే ఒక స్టాప్‌వాచ్, ఒక నోట్‌బుక్ కొనివ్వండి. తను ఆడని మ్యాచ్‌లో కూర్చుని ప్రతి పిచర్ సమయం రాసుకోమనండి.

ప్రశ్న: స్కూల్లో పన్నెండు మంది పిల్లలు, ఆరు గ్లోవ్‌లు, బండలాంటి నేల. అవుట్‌ఫీల్డ్ సాధన ఎలా చేయించాలి?
– పీఈటీ, నల్లకుంట

జవాబు: మొదటి రెండు వారాలు బ్యాట్ ముట్టుకోకండి సార్. టెన్నిస్ బంతులతో మొదలుపెట్టండి. పిల్లాడు మీకు ఐదు మీటర్ల దూరంలో ఎదురుగా నిలబడతాడు. మీరు వేలితో కుడి అని చూపగానే డ్రాప్ స్టెప్ వేసి పరుగు తీస్తాడు, నాలుగో అడుగుకి బంతి వాడి భుజం మీదుగా ముందు పడేలా విసరండి. ఒక్కొక్కరికీ కుడికి ఐదు, ఎడమకి ఐదు. గ్లోవ్ ఉన్న ఆరుగురూ పడుతుంటే మిగతా ఆరుగురు ఎదురు పక్క కటాఫ్ (అవుట్‌ఫీల్డ్ నుంచి వచ్చే త్రోను మధ్యలో అందుకునే) స్థానంలో నిలబడి వాళ్ల త్రోలు అందుకోవాలి. పిల్లలు వరసలో ఊరికే నిలబడితే సాధన అయిపోయినట్టే.

తర్వాత ఫంగో. కోచ్‌లు ప్రాక్టీసు కోసం కొట్టే సన్నటి, పొడవైన బ్యాట్ అది. మామూలు పెద్దల బ్యాట్ 900 గ్రాములుంటే ఇది 500, 600 మధ్య ఉంటుంది. దొరక్కపోతే ఉన్నవాటిలో తేలికైన బ్యాట్ చాలు. బరువైనదానితో వంద బంతులు కొడితే భుజం పట్టేస్తుంది, ఆ తర్వాత కొట్టేవన్నీ ఒకే ఎత్తులో పోతాయి. బంతి కింది సగానికి తగిలేలా కొట్టాలి.

బండనేల మీద దొర్లే బంతికి మాత్రం జాగ్రత్త. రన్నర్ ఎవరూ పరుగుకి సిద్ధంగా లేనప్పుడు ఒక మోకాలు నేలకి ఆనించి, బంతికి అడ్డంగా కూర్చుని పట్టమనండి. బంతి ఎగిరినా ఛాతీకి తగిలి ముందే పడుతుంది. పరుగు ఆపాల్సిన సమయంలోనే గ్లోవ్ వైపు కాలి పక్కన పరుగులోనే ఎత్తుకోవాలి. ఎగిరిన బంతికి ఇద్దరు పరుగెత్తితే సెంటర్ ఫీల్డర్ ‘నాది’ అన్నాడంటే మిగతావాళ్లు తప్పుకోవాలి. ఈ ఒక్క నియమం మొదటి రోజే పెట్టండి, తలలు ఢీకొనడం తప్పుతుంది.

ప్రశ్న: బ్యాటింగ్ చేయని బేస్ కోచ్‌లు కూడా హెల్మెట్ పెట్టుకుంటారెందుకు?
– ఒక పాఠకురాలు, సికింద్రాబాద్

జవాబు: 2007 జూలైలో చిన్న లీగ్ జట్టు టల్సాకి ఫస్ట్ బేస్ దగ్గర కోచ్‌గా నిలబడ్డ మైక్ కూల్‌బా మెడకి లైన్ డ్రైవ్ (నేలకి సమాంతరంగా దూసుకొచ్చే బంతి) తగిలి మరణించారు. వయసు 35. మరుసటి సీజన్ నుంచి పెద్ద లీగ్ బేస్ కోచ్‌లందరికీ హెల్మెట్ తప్పనిసరి చేశారు. స్కూలు మ్యాచ్‌లో బేస్ దగ్గర నిలబడే ప్రతి ఒక్కరికీ, టీచరైనా సరే, హెల్మెట్ పెట్టించండి.