కత్తెర పట్టే ముందు

అమ్మలూ,

నువ్వు పంపిన ఫోటో చూశాను. కంచె మొక్కలు స్కేలు పెట్టి గీసినట్టున్నాయి. బాగుంది, కాదనను. కానీ పట్టుమని పదిహేను రోజులు కాకుండానే మళ్ళీ పిచ్చిగా పెరిగాయని టెన్షన్ పడుతున్నావు చూడు, అందులో మొక్క తప్పేం లేదు. కొమ్మ చివరి చిగురులో ఆక్సిన్ అనే హార్మోన్ తయారవుతుంది. కింది మొగ్గల్ని లేవనివ్వకుండా అదే అణిచి ఉంచుతుంది. ఆ చివర తెగిందా, అణిగి ఉన్నవన్నీ ఒక్కసారే లేస్తాయి. నున్నగా కావాలని నువ్వు ఎన్నిసార్లు కత్తిరిస్తే అది అంత గుబురుగా తిరగబడుతుంది.

ఒకసారి ఆ కంచెను రెండు చేతుల్తో విడదీసి లోపలికి చూడు. పైకి పచ్చటి గోడ, లోపల ఒట్టి పుల్లలు. వెలుతురు అందక ఆకులు ఎప్పుడో రాలిపోయాయి. ఈసారి నిట్టనిలువుగా కాకుండా కింద వెడల్పుగా, పైకి పోనుపోను సన్నగా కత్తిరించు. అడుగు ఆకులకూ ఎండ తగులుతుంది.

ఫ్రాన్స్‌లో 14వ లూయీ అంతటివాడికే ఈ చక్కదనం లొంగలేదు. వెర్సాయ్ తోటలో ఫౌంటెన్లన్నీ ఒకేసారి ఆడించడానికి నీళ్ళు చాలేవి కావు. 1684కల్లా సేన్ నది మీద 14 చక్రాల యంత్రం పెట్టి నీళ్ళు ఎక్కించినా కొరత తీరలేదు. రాజుగారు నడిచి వస్తుంటే పనివాళ్ళు ఈలలేసుకుంటూ ముందున్న ఫౌంటెన్ విప్పడం, ఆయన దాటగానే కట్టేయడం! మనకా ఈలలేసేవాళ్ళు కూడా లేరు.

నేనూ నీలాంటివాణ్ణే. నిమ్మ మొక్క ఆకుల మీద పిట్ట రెట్టల్లా పురుగులు కనిపిస్తే అసహ్యమేసి అన్నీ ఏరి పారేశాను. నా కంటపడని ఒకటి మాత్రం మిగిలింది. కొన్నాళ్ళకు ఆకుపచ్చగా మారింది, కొమ్మకు దారం కట్టుకుని గూడులో నిద్రపోయింది, ఓ పొద్దున తడి రెక్కలతో బయటికొచ్చింది. ఆ ఏడాదంతా తోటలోకి సీతాకోకచిలుకలు రావడం లేదేమిటని అందరితో వాపోయింది నేనే.

రాలిన ఆకులు దారి మీంచి ఊడ్చుకో, జారిపడతారు. మొదళ్ళ దగ్గరవి మాత్రం ఉంచు. వానపాములు చూసుకుంటాయి.

ఇక నిచ్చెన వేసే ముందు కంచెలో పిట్టగూడు ఉందేమో చూడు. గుడ్లుంటే పిల్లలు ఎగిరిపోయేదాకా ఆ వైపు ముట్టుకోకు. ఒక పక్క వంకరగా ఉందేమిటని ఎవరైనా అడిగితే నా పేరు చెప్పు.

నీ పెదనాన్న