గిఫ్ట్ డీడ్ రాసిచ్చేస్తే డెవలపర్ పని అయిపోయినట్టేనా?

ప్రశ్న: పెదకాకాని దగ్గర సీఆర్‌డీఏ (రాజధాని ప్రాంత అభివృద్ధి సంస్థ) లేఅవుట్‌లో 2022 ఆగస్టులో ప్లాటు కొని, స్వాధీనం తీసుకున్నాం. ఇప్పటికి ఇరవై ఇళ్లు లేచాయి. సైడు కాలువలు సగంలో ఆగాయి, వీధిలైట్లు వెలగవు. డెవలపర్ ‘పంచాయతీకి రాసిచ్చేశాం’ అంటాడు. పంచాయతీ వాళ్లు ‘మాకు అప్పగించలేదు’ అంటారు. ఎవరిని పట్టుకోవాలి?
– ఓ పాఠకుడు, గుంటూరు

జవాబు: ఇద్దరూ నిజమే చెబుతూ ఉండొచ్చండీ, చిక్కంతా అక్కడే ఉంది. రోడ్ల స్థలం, పార్కు స్థలం పంచాయతీ పేర గిఫ్ట్ డీడ్ (దాన దస్తావేజు) రాయడం ఒక పని. అక్కడ రోడ్డు, కాలువ, లైట్లు పూర్తి చేసి ఫైనల్ లేఅవుట్ (పనులయ్యాక ఇచ్చే తుది అనుమతి) తెచ్చుకోవడం ఇంకో పని. నేల రాసిచ్చినంత మాత్రాన కాలువ బాధ్యత తీరిపోదు.

మీ చేతిలో ఉన్న అసలు పట్టు తనఖా ప్లాట్లు. 2017 లేఅవుట్ నిబంధనల ప్రకారం పనులకు హామీగా సాధారణంగా 15 శాతం ప్లాట్ల స్థలాన్ని తనఖా పెట్టించుకుంటారు. పనులు పూర్తయ్యాకే విడుదల చేయాలి. విడుదలైపోతే డెవలపర్‌కి మీతో అవసరం తీరినట్టే. అందుకని ఏ ప్లాట్లు తనఖాలో ఉన్నాయో, ఫైనల్ లేఅవుట్ వచ్చిందో లేదో సీఆర్‌డీఏని సమాచార హక్కు కింద అడగండి. 30 రోజుల్లో జవాబివ్వాలి. గిఫ్ట్ డీడ్ సర్టిఫైడ్ కాపీ సబ్ రిజిస్ట్రార్ ఆఫీసులో తీసుకోండి.

ఇక రెరా, అంటే స్థిరాస్తి నియంత్రణ చట్టం. 500 చదరపు మీటర్లు దాటిన లేఅవుట్‌కి రెరాలో రిజిస్ట్రేషన్ తప్పనిసరి. ఆ చట్టం 14(3) సెక్షన్ ప్రకారం పనుల నాణ్యతలో, సేవల్లో లోపాన్ని స్వాధీనం ఇచ్చిన అయిదేళ్లలోపు డెవలపర్ దృష్టికి తెస్తే, 30 రోజుల్లో సొంత ఖర్చుతో సరిచేయాలి. మీ లెక్కన గడువు 2027 ఆగస్టు దాకా. ‘దృష్టికి తేవడం’ అంటే ఫోన్లో అరిస్తే చాలదు, రుజువు కావాలి. ఫోటోలు జత చేసి, అందరూ సంతకాలు పెట్టి, అక్నాలెడ్జ్‌మెంట్‌తో స్పీడ్ పోస్టులో నోటీసు పంపండి. కదలకపోతే రెరా అథారిటీకి ఫిర్యాదు చేయండి. పరిహారం కావాలంటే రెరాలోనే పరిహారం తేల్చే అడ్జుడికేటింగ్ అధికారి దగ్గర వేరే దరఖాస్తు.

వినియోగదారుల కమిషన్‌కీ వెళ్లొచ్చు. అభివృద్ధి చేస్తామని చెప్పి అమ్మిన ప్లాటు ‘సేవ’ కిందికే వస్తుందని 2012లో సుప్రీంకోర్టు చెప్పింది. కానీ అక్కడ రెండేళ్ల గడువు పేచీ లేస్తుంది, మీకు రెరాయే మేలనిపిస్తోంది. మామూలు సివిల్ కోర్టులో దావా వేయమని ఎవరైనా చెబితే రెరా చట్టం 79 సెక్షన్ చూపించండి, రెరా పరిధిలోని విషయాలకు అక్కడ తలుపు మూసే ఉంది.

నోటీసుకి కాస్త టైం పట్టినా ఫర్వాలేదు. తనఖా ప్లాట్ల నంబర్లు తెలియగానే, అదే రోజు వాటి ఈసీ (ఆస్తిపై తనఖాలు, అమ్మకాలు చూపే ధ్రువపత్రం) తీయించండి, తనఖా ఇంకా ఉందో విడుదలైపోయిందో తేలుతుంది.