గ్రీన్ బిల్డింగ్ సర్టిఫికెట్ ఉన్న ఫ్లాట్ కొంటే కరెంటు బిల్లు సగం అవుతుందా?

మీ ప్రశ్న నాకు అర్థమైనంతలో ఇదీ. కొల్లూరు వైపు కడుతున్న ఒక ప్రాజెక్టులో ట్రిపుల్ బెడ్‌రూమ్ ఫ్లాట్ చూశారు. బ్రోచర్ మీద ‘ఐజీబీసీ గోల్డ్ ప్రీ-సర్టిఫైడ్’ అని ఉంది (ఐజీబీసీ అంటే ఇండియన్ గ్రీన్ బిల్డింగ్ కౌన్సిల్, భవనాలకు గ్రీన్ రేటింగ్ ఇచ్చే సంస్థ), ఆ పేరుతో చదరపు అడుగుకి కొంత ఎక్కువ చెబుతున్నారు. కరెంటు బిల్లు సగానికి సగం తగ్గుతుందని సేల్స్ అబ్బాయి అన్నాడు. డబ్బులు కడితే ఎవరికైనా ఇచ్చే కాగితం అది అని మీ బావగారు కొట్టిపారేశారు. ఎవరి మాట నమ్మాలని అడిగారు.

నేను తొమ్మిదేళ్లు హైదరాబాద్ సైట్లలో గ్రీన్ రేటింగ్ పని చూశాను. పెయింట్ డబ్బాల లేబుళ్లు ఫొటోలు తీయడం, బ్లాకులు, సిమెంటు, గ్లాసు బిల్లులు పోగుచేయడం, అవన్నీ ఫైలు కట్టి పంపడం నా పని. ఐదేళ్ల కిందట రేటింగ్ ఉన్న అపార్ట్‌మెంట్‌లోనే ఫ్లాట్ కొనుక్కున్నాం. కాబట్టి కాగితం ఎలా వస్తుందో తెలుసు, వచ్చాక ఆ ఇంట్లో బతకడం ఎలా ఉంటుందో కూడా తెలుసు. మీకు చెప్పిన ఇద్దరి మాటా సరైంది కాదు.

ముందు ఆ ‘ప్రీ’ సంగతి చూడండి. ప్రీ-సర్టిఫికేషన్ అనేది డ్రాయింగుల దశలో ఇచ్చేది. ఈ గ్లాసు వేస్తాం, ఈ పైపులు వేస్తాం, ఇన్ని నీళ్లు మళ్లీ వాడతాం అని బిల్డర్ రాసిచ్చిన ప్లాను చూసి, చెప్పినట్టే కడితే గోల్డ్ రావచ్చు అని చెప్పడం. అసలు సర్టిఫికెట్ కట్టడం పూర్తయ్యాక, ఫొటోలు, కొనుగోలు బిల్లులు, పరీక్ష రిపోర్టులు చూపించాక వస్తుంది. మధ్యలో ఎన్నో మారతాయి. నేను పనిచేసిన ఒక ప్రాజెక్టులో ప్లాను మీద ఉన్న గ్లాసు ఒకటి, కిటికీలకు బిగించింది ఇంకొకటి. ఖర్చు పెరుగుతోందని మార్చేశారు. రేటింగ్ ఒక మెట్టు తగ్గింది. అప్పటికే ఫ్లాట్లన్నీ పాత బ్రోచర్ చూపించి అమ్మేశారు. కొన్నవాళ్లలో చాలామందికి ప్రీ-సర్టిఫైడ్‌కీ సర్టిఫైడ్‌కీ తేడా ఉందనే తెలియదు. ఆ విషయం నన్ను చాలా రోజులు బాధపెట్టింది. మీ ప్రశ్నకు ఇంత పొడుగ్గా రాయడానికి అదొక కారణం.

మీ బావగారి మాటకు వస్తాను. డబ్బులు కట్టాలి, నిజమే. రిజిస్ట్రేషన్ ఫీజు, పరిశీలన ఫీజు ఉంటాయి. కానీ రేటింగ్ పాయింట్ల లెక్క మీద వస్తుంది, ఫీజు కట్టినంత మాత్రాన ఆ పాయింట్లు రావు. మేం పంపిన ఫైలు ప్రశ్నలతో తిరిగొచ్చిన సందర్భాలు చాలా ఉన్నాయి. ఒకసారి పెయింట్ల నుంచి వచ్చే రసాయన ఆవిరి ఎంత అన్న రిపోర్టు సరిపోలేదని ఆ పాయింటే వదులుకోవాల్సి వచ్చింది.

ఇది ప్రభుత్వం ఇచ్చే పర్మిషన్ అని కూడా కొందరు అనుకుంటారు. కాదు. ఐజీబీసీ 2001లో సీఐఐ అనే పరిశ్రమల సంఘం కింద మొదలైన సంస్థ, దాని ప్రధాన కార్యాలయం మన కొత్తగూడలో, హైటెక్ సిటీ పక్కనే ఉంది. ‘గృహ’ (GRIHA) అనే ఇంకో రేటింగ్ ఇంధన పరిశోధన చేసే టెరి సంస్థ, కేంద్ర పునరుత్పాదక ఇంధన మంత్రిత్వ శాఖ కలిసి తెచ్చింది, దాంట్లో ఒకటి నుంచి ఐదు దాకా స్టార్లు. లీడ్ అనే రేటింగ్ అమెరికా నుంచి వచ్చింది. ఎడ్జ్ ప్రపంచ బ్యాంకు గ్రూపులోని ఐఎఫ్‌సీది. ఇవి బిల్డర్లు సాధారణంగా తమంతట తాము తీసుకునేవి. చట్టం చెప్పేది వేరే. 20,000 చదరపు మీటర్లు, అంతకు మించి కట్టే ప్రాజెక్టుకు పర్యావరణ అనుమతి కావాలి. నీళ్లు, భూమి, చెట్ల రక్షణకు తెచ్చిన వాల్టా చట్టం వచ్చినప్పటి నుంచీ ఇంకుడు గుంత ఉండాలి. 2023లో వచ్చిన తెలంగాణ కూల్ రూఫ్ పాలసీ ప్రకారం 600 గజాలు, అంతకు పైబడిన స్థలంలో కట్టే ఇళ్లకు ఎండ వేడిని తిప్పికొట్టే పైకప్పు ఉండాలి. మీ సేల్స్ అబ్బాయి ఇంకుడు గుంతల్ని ‘గ్రీన్ ఫీచర్’గా చూపిస్తే, అవి ఎలాగూ ఇవ్వాల్సినవేనని చెప్పండి. వాటికి మీరు వేరే డబ్బులు ఇవ్వక్కర్లేదు.

ఇక బిల్లు. ‘30 శాతం ఆదా’ లాంటి మాటలు ఎక్కడి నుంచి వస్తాయో చెప్తాను. కంప్యూటర్‌లో రెండు భవనాలు గీస్తాం. ఒకటి మనం కట్టబోయేది, రెండోది అదే ఆకారంలో, నిబంధనల ప్రకారం కనీస స్థాయిలో కట్టిన ఊహాభవనం. ఏడాదికి రెండూ ఎంత కరెంటు తింటాయో లెక్క వేసి, తేడాను శాతంగా చెబుతాం. మీరు ఇప్పుడు ఉంటున్న అద్దె ఇంటి బిల్లుతో దానికి సంబంధమే లేదు. పైగా ఆఫీసు భవనమైతే ఏసీ ప్లాంటు, లైట్లు అన్నీ కట్టినవాళ్లే పెడతారు కాబట్టి ఆ శాతానికి కొంత అర్థం ఉంటుంది. ఫ్లాట్‌లో ఏసీ మనది, గీజరు మనది, ఫ్రిజ్ మనది. పాత ఏసీ తెచ్చి బిగించి 18 డిగ్రీల్లో పెట్టుకుంటే ఏ సర్టిఫికెట్టూ బిల్లును ఆపలేదు. లిఫ్టులు, మోటార్లు, కారిడార్ లైట్లలో జరిగే ఆదా మీ కరెంటు బిల్లులో కనబడదు, మెయింటెనెన్స్‌లో కనబడాలి.

లెక్కకీ వాడకానికీ ఎంత తేడా ఉంటుందో 2008లో అమెరికాలో న్యూ బిల్డింగ్స్ ఇన్‌స్టిట్యూట్ వాళ్లు చూశారు. 121 లీడ్ భవనాల నిజమైన వాడకం తీసుకుంటే, అక్కడి మామూలు భవనాల కంటే పావు వంతు దాకా తక్కువ వచ్చింది. అంటే మొత్తం మీద ఉపయోగం ఉంది. కానీ ఒక్కొక్క భవనాన్నీ విడిగా చూస్తే కొన్ని అంచనా కంటే చాలా బాగా చేశాయి, కొన్ని అంచనా దాటి ఎక్కువ కరెంటు వాడాయి. మీరు కొనేది ఒక్క భవనంలో ఒక్క ఫ్లాట్, సగటును కాదు.

అయితే నాకు ఏమీ ఒరగలేదా అంటే, ఒరిగింది. ఇంతకు ముందు కూకట్‌పల్లిలో పై అంతస్తులో అద్దెకు ఉండేవాళ్లం. పడమటి బెడ్‌రూమ్‌కి నాలుగంగుళాల ఇటుక గోడ, కిటికీ మీద సజ్జ పేరుకే ఉంది. ఏప్రిల్, మే నెలల్లో రాత్రి తొమ్మిది దాటినా ఆ గోడ వెచ్చగానే ఉండేది. మంచాన్ని గోడకు మూరెడు దూరం లాగి పడుకునేవాళ్లం. ఇప్పుడున్న ఫ్లాట్‌లో అదే పడమటి గోడ ఎనిమిదంగుళాల ఏఏసీ బ్లాకులతో (లోపల గాలి బుడగలుండే తేలికైన సిమెంటు బ్లాకులు) కట్టారు, సజ్జ రెండడుగులు బయటికి ఉంది. ఈ వేసవిలో మా అమ్మ ఆ గోడకు ఆనుకుని కూర్చుని సాయంత్రం సీరియల్ చూసింది. ఏసీ రాత్రి పదింటి తర్వాత వేస్తున్నాం, పాత ఇంట్లో ఏడింటికే వేసేవాళ్లం. బిల్లు సగం కాలేదు. కానీ ఇల్లు వేరుగా ఉంది, ఆ తేడా ఒంటికి తెలుస్తుంది.

చాలామంది తూర్పు ముఖం ఫ్లాట్ అని సంతోషపడతారు. గుమ్మం తూర్పున ఉంటే బాల్కనీ, పెద్ద కిటికీలు పడమర వైపు పడే ఫ్లాట్లు ఎన్నో ఉన్నాయి. వాస్తు చూసుకోండి, కానీ కిటికీలు ఎటున్నాయో కూడా చూసుకోండి.

ఇప్పుడు నీళ్ల సంగతి. మన ఊళ్లో సర్టిఫికెట్ విలువ అసలు తేలేది ఇక్కడే. జాతీయ భవన నియమావళి లెక్కలో మనిషికి రోజుకి 135 లీటర్లు, అందులో 45 లీటర్లు ఫ్లష్‌కే. మా దగ్గర 240 ఫ్లాట్లు. ఇంటికి నలుగురు అనుకుంటే ఫ్లష్‌కే రోజుకి 43,200 లీటర్లు, అంటే పదివేల లీటర్ల ట్యాంకర్లు నాలుగుకి పైనే. అందుకే రేటింగ్ ఉన్న ప్రాజెక్టుల్లో డ్యూయల్ ప్లంబింగ్ అని రెండు వరసల పైపులు వేస్తారు. ఒక వరసలో మంచినీళ్లు, రెండో వరసలో ఎస్‌టీపీలో (మురుగునీటి శుద్ధి ప్లాంటులో) శుద్ధి చేసిన నీళ్లు ఫ్లష్‌కీ మొక్కలకీ. మా అపార్ట్‌మెంట్‌కి దీనికి పాయింట్లు వచ్చాయి, ఎస్‌టీపీ కూడా బాగా కట్టారు.

మేం చేరిన రెండో ఏడు వేసవిలో బోర్లు ఎండిపోయి ట్యాంకర్లు రోజుకి తొమ్మిది దాకా వచ్చాయి. లెక్క కుదరడం లేదని ఒక ఆదివారం పొద్దున ప్లంబర్‌ని తీసుకుని కింది బేస్‌మెంట్‌లోకి దిగాను. ఫ్లష్ ట్యాంకుకి వెళ్లే లైన్ మీద ఎర్ర హ్యాండిల్ ఉన్న వాల్వు ఒకటి పూర్తిగా తెరిచి, మళ్లీ ఎవరూ కట్టేయకుండా బైండింగ్ వైరుతో చుట్టి ఉంది. మంచినీళ్ల సంపు నుంచి ఫ్లష్‌కి నేరుగా నీళ్లు వెళ్తున్నాయి. ఎస్‌టీపీ ఆపరేటర్‌ని అడిగితే, "కరెంటు ఎక్కువవుతోందని రాత్రిళ్లు బ్లోయర్ ఆపేయమన్నారు సార్. నీళ్లు వాసన వచ్చాయి. పైన ఫ్లాట్లవాళ్లు గొడవ చేశారు. అప్పుడు ఈ వాల్వు తిప్పారు" అన్నాడు. ఎస్‌టీపీలో మురుగును తినే సూక్ష్మజీవులకు గాలి అందాలి, గాలి అందించేది ఆ బ్లోయరే. దాన్ని ఆపితే అవి చచ్చిపోతాయి, నీళ్లు కుళ్లు వాసన వస్తాయి. నెలకు కొన్ని వేల కరెంటు మిగిలిందనుకుని లక్షలు ట్యాంకర్లకు పోశాం. అందరివీ కష్టార్జితాలే.

కమిటీలో కూర్చుని మాట్లాడాం, బ్లోయర్ మళ్లీ 24 గంటలు నడిపించాం. పక్క కమ్యూనిటీలో బాగా నడుస్తున్న ఎస్‌టీపీ నుంచి స్లడ్జ్, అంటే సూక్ష్మజీవులున్న బురద, ట్యాంకర్‌లో తెచ్చి పోశాం, కొత్త సూక్ష్మజీవులు పెరగడానికి. మూడు వారాలకు నీళ్లు తేటపడ్డాయి, వాసన పోయింది. ఆ ఎర్ర వాల్వు కట్టేసి తాళం వేశాం. ట్యాంకర్లు రోజుకి ఐదుకి దిగాయి.

ఆ నెలలన్నీ గోల్డ్ సర్టిఫికెట్ లాబీలో గోడకు అలాగే ఉంది. అది అబద్ధం కాదు. ఇచ్చిన రోజున అన్నీ పనిచేశాయి. కొత్త కట్టడానికి ఇచ్చే రేటింగ్ చెప్పేది అంతవరకే, తర్వాత దాన్ని నడపాల్సింది లోపల ఉండేవాళ్లు. నడుస్తున్న భవనాలకు వేరే రేటింగులు ఉన్నాయి, ఐజీబీసీలోనూ ఉంది. ఆఫీసు భవనాలకు కేంద్ర ప్రభుత్వ ఇంధన పొదుపు సంస్థ బీఈఈ ఇచ్చే స్టార్లయితే ఏడాదిలో నిజంగా వాడిన కరెంటు మీదే ఇస్తారు. ఇళ్లు కొనేటప్పుడు వీటి గురించి అడిగేవాళ్లు తక్కువ.

గ్రీన్ అంటే బాగా ఖర్చు అనేదానికి ఒక్క మాట. ఎప్పుడు నిర్ణయించుకున్నారన్న దాని మీద ఉంటుంది. కిటికీలు ఎటు పెట్టాలి, సజ్జ ఎంత బయటికి రావాలి, రెండో పైపు ఎక్కడ పోవాలి అనేవి మొదట్లో కాగితం మీద గీతలే. ఒక సైట్‌లో ప్లాస్టరింగ్ అయిపోయాక డ్యూయల్ ప్లంబింగ్ కావాలన్నారు. ప్రతి టాయిలెట్ గోడా మళ్లీ పగలగొట్టాం. ఆ ఖర్చు రేటింగ్ వల్ల వచ్చింది కాదు, ఆలస్యం వల్ల వచ్చింది.

గ్రీన్ అంటే నిండా అద్దాలు ఉన్న టవర్ అనుకునేవాళ్లు వీలైతే కొత్తగూడలో సీఐఐ గోద్రెజ్ భవనం చూడాలి. 2003లో లీడ్ ప్లాటినం వచ్చింది, మన దేశంలో అదే మొదటిది. 2004 జూలైలో అప్పటి రాష్ట్రపతి అబ్దుల్ కలాం గారు ప్రారంభించారు. కాలేజీలో ఉండగా మమ్మల్ని తీసుకెళ్లారు. మధ్యలో ఆకాశం కనబడే నడవా, చుట్టూ గదులు, చిల్లుల గోడల్లోంచి గాలి, శ్లాబు మీద పచ్చిక, మొక్కల వేళ్లతో మురుగునీటి శుద్ధి. మా అమ్మమ్మగారి ఊళ్లో మండువా లోగిలి గుర్తొచ్చింది నాకు.

గోల్డ్ అంటే అన్నిచోట్లా ఒకటే గోల్డ్ అని కూడా అనుకోకండి. లీడ్‌లో మొత్తం 110 పాయింట్లు, 40 వస్తే సర్టిఫైడ్, 60 వస్తే గోల్డ్, 80 వస్తే ప్లాటినం. ఆ 60 ఎక్కడి నుంచి వచ్చాయన్నది ముఖ్యం. కరెంటు, నీళ్లలో బాగా తెచ్చుకున్న గోల్డ్ వేరు, స్థలం బస్టాపుకి దగ్గరగా ఉన్నందుకూ సైకిల్ స్టాండుకూ వచ్చినవి కలుపుకుని గట్టెక్కిన గోల్డ్ వేరు. ఐజీబీసీలో పాయింట్ల లెక్క వేరైనా పద్ధతి ఇదే.

మీరు చేయాల్సింది చెప్తాను. బిల్డర్ దగ్గర స్కోర్‌కార్డు అడగండి, ఏ విభాగంలో ఎన్ని పాయింట్లు అన్నది అందులో ఉంటుంది. నీళ్లు, కరెంటు వరసలు చదవండి. మిగతావి తర్వాత. ఫ్లాటుకి విడిగా వాటర్ మీటరు ఉందా, ఫ్లష్‌కి రెండో లైను ఉందా అడగండి. తుది సర్టిఫికెట్ తెచ్చి ఇచ్చే బాధ్యత బిల్డర్‌దేనని సేల్ అగ్రిమెంట్‌లో రాయించుకోండి, ఏ రేటింగో కూడా పేరుతో రాయించండి. బ్రోచర్ దాచుకోండి. ఇళ్ల ప్రాజెక్టుల అమ్మకాల మీద వచ్చిన 2016 రెరా చట్టం 12వ సెక్షన్ ప్రకారం ప్రకటనలో తప్పుడు మాట నమ్మి డబ్బు కట్టి నష్టపోయినవాళ్లకు ప్రమోటర్ (అంటే బిల్డర్) పరిహారం ఇవ్వాలి. ఇవన్నీ ఒప్పుకుంటే, గోడలు, సజ్జలు, రెండో లైను మీ కంటికి కనబడితే, కొంత ఎక్కువ పెట్టడంలో తప్పు లేదని నా అభిప్రాయం. ప్రీ-సర్టిఫికెట్ ఒక్కటే చూపిస్తే మటుకు ఒక్క రూపాయి కూడా ఎక్కువ ఇవ్వకండి.

అదే బిల్డర్ ఇంతకు ముందు కట్టి, జనం చేరి మూడు నాలుగేళ్లయిన ప్రాజెక్టు ఏదైనా ఉంటే అక్కడికి ఒకసారి వెళ్లండి. మధ్యాహ్నం మూడింటికి వెళ్లి పడమటి ఫ్లాట్లవాళ్లతో మాట్లాడండి. తర్వాత వాచ్‌మన్‌ని అడిగి బేస్‌మెంట్‌లోకి దిగండి. బ్లోయర్ చప్పుడు వినిపించాలి. స్కోర్‌కార్డు చేతికొచ్చాక అందులో అర్థం కానివి ఇక్కడే రాయండి, వరస వరసా చూసి చెప్తాను.