గడ్డిమట్టి పెళ్ళలతో రెండంతస్తుల ఇల్లు నిజంగా కట్టారా?

కట్టారండీ. అమెరికాలో నెబ్రాస్కా రాష్ట్రం, కస్టర్ కౌంటీలో, బ్రోకెన్ బో ఊరికి ఉత్తరాన బెల్జియం నుంచి వలస వచ్చిన ఇసిడోర్ హామాంట్ అనే రైతు 1880లలో కట్టాడు. సోలమన్ బుచర్ 1886లో తీసిన ఫొటో ఉండబట్టే ఈరోజు మనం దాన్ని చూడగలుగుతున్నాం, ఇల్లు మాత్రం ఇప్పుడు లేదు.

అసలు మట్టితో ఎందుకంటే, 1862 హోమ్‌స్టెడ్ చట్టం ప్రకారం 160 ఎకరాలు దాదాపు ఉచితంగా దొరికేవి, పౌరసత్వం తీసుకుంటానని రాసిచ్చిన వలసదారుడికి కూడా, కాకపోతే అక్కడే ఇల్లు కట్టుకుని అయిదేళ్ళు ఉండి సాగు చెయ్యాలి. ఆ మైదానాల్లో చెట్లు చాలా తక్కువ. కలప కొనాలంటే డబ్బు కావాలి, కొత్తగా వచ్చినవాళ్ళ దగ్గర అదే ఉండేది కాదు.

ఉన్నదల్లా గడ్డి. దాని వేళ్ళు మట్టిని ఎంత గట్టిగా పట్టుకునేవంటే, నాగలితో పట్టీలుగా తిరగేసి పారతో ముక్కలు కోస్తే ఇటుకల్లా వచ్చేవి. వాటిని గడ్డి వైపు కిందకి పెట్టి, అతుకు మీద అతుకు పడకుండా పేర్చేవాళ్ళు. గోడ మందం రెండు మూడు అడుగులు, కాబట్టి మన పాత మట్టి ఇళ్ళలాగే ఎండాకాలం చల్లగా, చలికాలం వెచ్చగా ఉండేది. కప్పు మీద కూడా మట్టే వేస్తే వాన వచ్చినప్పుడల్లా కారేది, పాములూ ఎలుకలూ సరేసరి.

ఆ బరువుకి గోడలు కాలక్రమేణా కుంగుతాయి. అందుకే చాలామంది ఒక్క గదితో సరిపెట్టుకున్నారు. హామాంట్ మాత్రం మూలల్లో గుండ్రటి ఆనుడు స్తంభాలు కట్టి రెండో అంతస్తు లేపాడు, నాకు ఆ ఫొటోలో అన్నిటికన్నా నచ్చేది అవే.