కోర్సు ఫీజు కట్టేముందు అమ్మాయి రికార్డింగ్ ఒక్కటి వినండి

ప్రశ్న: మాది గాజువాక. మా అమ్మాయి బీకామ్ ఆఖరి సంవత్సరం. ఆర్జే అవుతానని ఇంటర్ నుంచీ అంటోంది. ఈ మధ్య వాళ్ల కాలేజీకి ఒకాయన వచ్చి, చాలా ఏళ్లు రేడియోలో చేసి ఇప్పుడు డిజిటల్ మీడియా కన్సల్టెంట్‌గా ఉన్నానని చెప్పారట. అప్పటి నుంచి తనూ అదే అవుతానని పట్టు. ద్వారకానగర్‌లో ఒక ఇన్‌స్టిట్యూట్ ఆరు నెలల కోర్సుకు 85 వేలు అడుగుతోంది, ప్లేస్‌మెంట్ గ్యారంటీ అంటోంది. ఎంబీఏ మేలా, ఈ కోర్సు మేలా? పోల్చి చెప్పండి. రేడియో పని అయిపోయిందని అందరూ అంటున్నారు.

జవాబు: ఎంబీఏనా, కోర్సా అని అడిగారు గానీ, మీ టెన్షన్ ఆ రెండింటి గురించి కాదు. మాటలు చెప్పి పిల్ల బతకగలదా, రేపు ఎవరైనా అడిగితే ఏం ఉద్యోగమని చెప్పాలి అన్నది మీ దిగులు. ఇలాంటి ఉత్తరాలు ఏటా వేసవిలో వస్తూనే ఉంటాయి. ముందు దానికే చెబుతాను: బతకగలదు. మాట, రాత, ఎడిటింగ్ మూడూ వచ్చిన తెలుగు పిల్లలకు ఈరోజు పని దొరుకుతోంది. కాకపోతే ఆరు నెలల్లో దొరకదు.

ఆ వచ్చినాయన కన్సల్టెంట్ అయింది కోర్సు వల్ల కాదు, రేడియో వల్ల. ప్రైవేటు ఎఫ్ఎంలు సొంతంగా వార్తలు చదవకూడదు. 2011 నాటి విధానం ప్రకారం ఆకాశవాణి బులెటిన్‌ను ఉన్నదున్నట్టు ఇవ్వొచ్చు, అంతే. ట్రాఫిక్, వాతావరణం, పరీక్షా ఫలితాలు, కరెంటు, నీటి సరఫరా లాంటివి మాత్రం వార్తల కింద లెక్కలోకి రావు. అందుకే ఆర్జేలు మద్దిలపాలెంలో బండ్లు ఎక్కడ ఆగిపోయాయి, ఏ వార్డుకు నీళ్లు రావు అన్నది ఊరి మనిషి ఊరి మనిషికి చెప్పినట్టు చెప్పడం నేర్చుకున్నారు. 20 సెకన్ల స్పాట్‌లో, అంటే రేడియో ప్రకటనలో, మహా అయితే నలభై మాటలు పడతాయి. అందులోనే షాపు పేరు, ఆఫరు, అడ్రసు చెప్పాలి, విన్నవాడికి గుర్తుండాలి. ఏళ్ల తరబడి ఇది చేసినవాళ్లకు ఏ మాట తీసేయాలో చేతికి వచ్చేస్తుంది. ఇవాళ ఆయన అమ్ముతున్నది ఆ అనుభవాన్నే.

ఆ పని ఎలా ఉంటుందో ఒక్కటి చెబుతాను. జగదాంబ దగ్గర ఒక చీరల షాపు. రీల్‌కు నలభై వేల వ్యూస్ వచ్చాయని ఓనర్ సంబరపడుతున్నారు, కౌంటర్ దగ్గర మాత్రం జనం లేరు. కన్సల్టెంట్ ఫోన్ అడిగి తీసుకుని ఇన్‌సైట్స్ (రీల్‌ను ఎవరు, ఎక్కడి నుంచి చూశారో చూపించే లెక్కలు) తెరిచి చూస్తే, చూసినవాళ్లలో ఎక్కువమంది వైజాగ్ వాళ్లే కాదు. ఆ రీల్ పక్కన పెట్టి, ఓనర్ భార్యనే కౌంటర్ దగ్గర కూర్చోబెట్టి, ఏ చీర ఏ పెళ్లికి ఎందుకు తీసుకుంటారో మన ఉత్తరాంధ్ర యాసలోనే చెప్పించాలి. యాస వద్దు, స్టైల్‌గా కావాలని ఓనర్ అంటే ఒప్పించగలగాలి. ఇరవై రెండేళ్ల పిల్ల చెబితే ఆయన వింటారా? పదేళ్లు ఊరంతా విన్న గొంతు చెబితే వింటారు.

అందుకే ఈ ఆరు నెలల కోర్సుల మీద నాకు గట్టి అనుమానాలున్నాయి. యాడ్స్ ఎలా నడపాలో, ఏ బటన్ ఎక్కడుందో నేర్పుతారు. ఆ బటన్లు ఏడాది తిరక్కుండానే మారతాయి. ప్లేస్‌మెంట్ అంటే చాలాసార్లు ఒక చిన్న ఏజెన్సీలో పది షాపుల పేజీలకు పండగ శుభాకాంక్షల పోస్టర్లు పెట్టడం. అదీ పనే, తప్పులేదు, కానీ దానికి 85 వేలు అక్కర్లేదు. మామూలు ప్రకటనలకు గొంతు ఇప్పుడు కంప్యూటరే ఇస్తోంది కాబట్టి, తియ్యటి గొంతు ఒక్కటే ఉంటే చాలదు. సొంతంగా చేస్తే క్లయింట్లు పండగయ్యాక ఇస్తామంటారు, పండగ వెళ్లాక ఫోన్ ఎత్తరు. యూట్యూబ్‌లో ప్రకటనల డబ్బు మొదలవ్వాలంటేనే 1,000 మంది సబ్‌స్క్రైబర్లు ఉండాలి, ఏడాదిలో జనం 4,000 గంటలు చూసి ఉండాలి, లేదా 90 రోజుల్లో షార్ట్స్‌కు కోటి వ్యూస్ రావాలి. ఇవేవీ ఆ ఇన్‌స్టిట్యూట్ బ్రోచర్‌లో ఉండవు.

ఇక మీకు ఒక మాట, కోపం తెచ్చుకోకండి. మీ ఉత్తరంలో ఫీజు ఉంది, ఇన్‌స్టిట్యూట్ ఉంది, అందరూ ఏమంటున్నారో ఉంది. అమ్మాయి ఏం మాట్లాడుతుంది, ఎలా రాస్తుంది అన్నది ఒక్క ముక్క లేదు. ఇంటర్ నుంచి అడుగుతోందంటే నాలుగైదేళ్లు. ఇన్నాళ్లలో తను రికార్డు చేసింది ఒక్కసారైనా కూర్చుని విన్నారా? వినకుండానే 85 వేలు కట్టాలా వద్దా అని నన్నడిగితే ఎలా? మీరు వినని గొంతు గురించి బంధువుల మాట పట్టుకోవడం పిల్లకు అన్యాయం.

ఎంబీఏ సంగతి రెండు ముక్కల్లో: తనకు ఇష్టం లేకుండా చేర్చకండి, రెండేళ్లు పోతాయి. కావాలంటే తర్వాతైనా చేయొచ్చు. డిగ్రీ మాత్రం పూర్తి కావాలి. ఆంధ్రా యూనివర్సిటీలోనే జర్నలిజం విభాగం ఉంది, పీజీ చేయాలనుకుంటే అది చూడండి, ఇంటి నుంచే వెళ్లి రావచ్చు. సిరిపురంలో ఆకాశవాణి ఉంది. అక్కడ క్యాజువల్ ఎనౌన్సర్లకు ఆడిషన్ ప్రకటన వస్తే తప్పకుండా రాయించండి. అది పర్మనెంట్ ఉద్యోగం కాదు, డ్యూటీకి ఇంతని ఇస్తారు, నెలకు కొన్ని డ్యూటీలే. అయినా క్యూషీట్ (ఏది ఎప్పుడు ప్రసారం కావాలో రాసి ఉండే కాగితం) చూస్తూ సెకను తప్పకుండా మైకు ముందు కూర్చోవడం అక్కడ వచ్చినట్టు ఇంకెక్కడా రాదు. రేడియోలో ఉద్యోగాలు తగ్గిన మాట నిజమే. ఆ పని నేర్చుకున్నవాళ్ల అవసరం మాత్రం తగ్గలేదు.

ఈలోగా ఒక మంచి మైకు కొనివ్వండి. వారానికి ఒకటి చొప్పున మూడు నెలలు అయిదు నిమిషాల ఆడియో చేయమనండి: ఫిషింగ్ హార్బర్‌లో వేలంపాట, పూర్ణా మార్కెట్‌లో ఉదయం, మీ కాలనీలో నీళ్ల గొడవ. తనే వెళ్లి మాట్లాడి, తనే రాసి, తనే కట్ చేయాలి. నాలుగో వారానికే మానేస్తే అప్పుడు ఎంబీఏ గురించి ఇద్దరూ కూర్చుని మాట్లాడుకోండి. మానకుండా చేస్తే ఆ పన్నెండు ఆడియోలే తన బయోడేటా, ఏ స్టేషన్‌కైనా ఏజెన్సీకైనా ముందు అవే పంపాలి. అప్పటికీ కోర్సు కావాలంటే, పోయిన బ్యాచ్‌లో ఉద్యోగాలొచ్చిన ముగ్గురి ఫోన్ నంబర్లు ఇవ్వమని ఇన్‌స్టిట్యూట్‌ను అడిగి, వాళ్లతో మీరే మాట్లాడండి. నంబర్లు ఇవ్వకుండా ఈ వారమే అడ్వాన్స్ కట్టమంటే కట్టకండి.