పేరు రాకపోతే ఆ చదువు దండగేనా?

ప్రశ్న: మేం ఇంగ్లండ్‌లో, మిల్టన్ కీన్స్‌లో ఉంటాం. మా అమ్మాయికి 17 ఏళ్లు. మార్కులు చూస్తే ఫార్మసీ సీటు వచ్చేలా ఉంది. తనేమో డ్రామా స్కూల్‌కే వెళ్తానంటోంది. ఆ మాటెత్తితే మా ఆయన లేచి వెళ్లిపోతున్నారు. టీవీలో ఎవరికీ తెలియని వేషాలు వేసుకుంటూ బతకాలా? రెండూ పోల్చి చెప్పండి.

జవాబు: అమ్మా, పోలిక రెండు ముక్కల్లో అయిపోతుంది. ఫార్మసీ అంటే నాలుగేళ్ల చదువు, ఏడాది శిక్షణ, ఆపైన స్థిరమైన ఉద్యోగం. నటనలో ఆ హామీ లేదు. కానీ మీ ఉత్తరంలో నాకు కనిపించిన అసలు భయం జీతం గురించి కాదు. చుట్టాలు అడిగితే ఏం చెప్పుకోవాలన్నదే మీ బెంగ.

డెరెక్ థాంప్సన్ అంటే మనవాళ్లలో ఎవరికీ తెలియదు. బీబీసీ ఆసుపత్రి సీరియల్ 'క్యాజువల్టీ'లో నర్సు చార్లీ అనండి, మీ పక్కింటి ఇంగ్లిష్ వాళ్లు టక్కున గుర్తుపడతారు. బెల్‌ఫాస్ట్‌లో పుట్టిన ఆయన మొదట కవల సోదరితో కలిసి పాటలు పాడారు. తర్వాత ఏళ్ల తరబడి చిన్నాచితకా పాత్రలు వేశారు. 1986లో ఆ సీరియల్ మొదలైనప్పుడు ఆయనకు 38 ఏళ్లు. 2024 దాకా అదే పాత్ర. హాలీవుడ్ స్టార్ కాలేదు, ఇల్లు మాత్రం నటనతోనే గడిచింది. ఇది చిన్న విషయమా?

అయితే అలాంటి అదృష్టం అరుదు. నాకున్న గట్టి సందేహం ఏమిటంటే, కొత్తవాళ్లకు పని నేర్పిన సీరియళ్లు ఒక్కొక్కటే ఆగిపోయాయి. 'ది బిల్' 2010లో, 'హోల్బీ సిటీ' 2022లో, బర్మింగ్‌హామ్‌లో తీసిన 'డాక్టర్స్' 2024లో. హాలీవుడ్ నటులు ఎడ్డీ రెడ్‌మేన్, ఎమీలియా క్లార్క్ పేరు రాకముందు 'డాక్టర్స్'లో కనిపించినవాళ్లే. ఇప్పుడు కోర్సు పూర్తిచేసిన పిల్లలకు ఆ మొదటి మెట్టు ఎక్కడుంది? డ్రామా స్కూళ్ల బ్రోషర్లలో ఈ సంగతి ఉండదు.

రోజువారీ పని ఎలా ఉంటుందో కూడా తెలుసుకోండి. సాయంత్రం, వేషాలు చూసిపెట్టే ఏజెంట్ నుంచి ఆడిషన్ కోసం మెయిల్‌లో రెండు పేజీల సీన్ వస్తుంది. ఒకటి రెండు రోజుల్లో ఇంట్లోనే గోడ ముందు నిలబడి, ఫోన్‌లో రికార్డు చేసి పంపాలి. అవతలి పాత్ర డైలాగులు ఎవరో ఒకరు చదివిపెట్టాలి. చాలాసార్లు జవాబే రాదు. నెలల తరబడి ఇదే వరస. దీన్ని మీ అమ్మాయి తట్టుకోగలదా అన్నది చూడాలి గానీ, పేరొస్తుందా రాదా అని కాదు.

మీ ఆయన లేచి వెళ్లిపోవడం మాత్రం తప్పే. 17 ఏళ్ల పిల్ల ధైర్యం చేసి మనసులో మాట చెబితే, కూర్చుని వినే ఓపిక పెద్దవాళ్లకు ఉండాలి. మీరూ ఆయన్ని వెనకేసుకు రాకండి.

టెన్షన్ పడకండి. ఈ ఏడాది ఫార్మసీకి అప్లై చేయించండి, డ్రామా స్కూల్ ఆడిషన్లకూ పంపండి. ఒకటి రెండోదానికి అడ్డం కాదు. మొదటిసారి రాకపోతే మళ్లీ ప్రయత్నించవచ్చు, ఇరవై దాటాక చేరేవాళ్లూ బోలెడంత మంది. వేలకు వేల పౌండ్లు కట్టించుకునే ప్రైవేట్ ప్రిపరేషన్ కోర్సుల జోలికి మాత్రం ఇప్పుడే వెళ్లకండి.