ఫాస్ఫేట్ కంపెనీలో చేరాలంటే మైనింగ్ మంచిదా, కెమికల్ మంచిదా?

ప్రశ్న: మాది గోదావరిఖని. సింగరేణి ఓపెన్‌కాస్ట్‌లో పనిచేస్తున్నాను. మా అమ్మాయికి ఈఏపీసెట్ ర్యాంకును బట్టి చూస్తే కొత్తగూడెంలో మైనింగ్, హైదరాబాద్‌లో కెమికల్ ఇంజినీరింగ్ రెండూ వచ్చేలా ఉన్నాయి. తనకు కెమిస్ట్రీ ఇష్టం. మొరాకోలో ఓసీపీ అని పెద్ద ప్రభుత్వ ఫాస్ఫేట్ కంపెనీ ఉందని, మైనింగ్ చదివితే అందులో ఉద్యోగం ఇప్పిస్తానని ఒక ఏజెంటు అంటున్నాడు. ఇప్పుడే రెండు లక్షలు కట్టి పేరు నమోదు చేసుకోవాలట. ఏం చేయమంటారు?

జవాబు: ముందు డబ్బు సంగతి. కట్టకండి. ఇంకా కాలేజీ గడప తొక్కని పిల్లకు నాలుగేళ్ల తర్వాతి ఉద్యోగాన్ని ఇప్పుడే అమ్ముతున్నాడంటే, అతను చేసేది వ్యాపారమే, ప్లేస్‌మెంట్ కాదు. విదేశీ ఉద్యోగాలకు మనుషుల్ని పంపే ఏజెంటు 1983 ఎమిగ్రేషన్ చట్టం కింద రిజిస్టరై ఉండాలి. తీసుకునే సర్వీస్ ఫీజు 30,000 రూపాయలు, దానిపై జీఎస్టీ దాటకూడదు. అతని పేరు ప్రభుత్వ ఈమైగ్రేట్ వెబ్‌సైట్‌లో ఉందేమో చూడండి. ఉన్నా సరే, ఇప్పుడు మాత్రం ఒక్క రూపాయి ఇవ్వొద్దు.

కంపెనీ మాత్రం నిజమైనదే. (మీ గనుల్లో ఓసీపీ అంటే ఓపెన్‌కాస్ట్ ప్రాజెక్టు, దానికీ దీనికీ సంబంధం లేదు.) 1920లో పెట్టారు, మరుసటి ఏడాది ఖురిబ్గా ప్రాంతంలో తవ్వకం మొదలైంది. వాటాల్లో అత్యధిక భాగం మొరాకో ప్రభుత్వానిదే. అక్కడి గనులు చూస్తే మీకు పెద్ద వింతేమీ అనిపించదు. ఓబీ (పైనున్న మట్టి, రాతి పొర) తీయడం, డ్రాగ్‌లైన్లు, డంపర్లు అన్నీ ఉంటాయి, బొగ్గు పొర ఉండాల్సిన చోట ఫాస్ఫేట్ పొర ఉంటుంది, అంతే. ఖురిబ్గాలో తీసిన ఫాస్ఫేట్‌ను కడిగి, నీళ్లతో స్లర్రీగా చేసి, 187 కిలోమీటర్ల పైపులైనులో అట్లాంటిక్ తీరంలోని జోర్ఫ్ లాస్ఫర్‌కు పంపుతారు. 2014 నుంచి ఆ పైపులైను నడుస్తోంది. యాసిడ్, ఎరువుల ఫ్యాక్టరీలు ఉన్నది ఆ తీరంలోనే.

ఇక్కడ ఏజెంటు చెప్పని మాట ఒకటుంది. జాతీయ కంపెనీ అంటే ముందుగా ఆ దేశపు పిల్లలకు ఉద్యోగాలిచ్చే కంపెనీ. మన సింగరేణిలో మొరాకో కుర్రాణ్ని ట్రైనీగా తీసుకుంటారా? అక్కడా అంతే. పైగా సాధారణంగా విదేశీయుణ్ని తీసుకోవాలంటే ఆ పనికి స్థానికులు దొరకలేదని అక్కడి ప్రభుత్వ ఉపాధి సంస్థ ధ్రువీకరించాలి. పని భాషలు ఫ్రెంచ్, అరబిక్. అనుభవం లేని మైనింగ్ గ్రాడ్యుయేట్‌కు నాకు అక్కడ దారి కనిపించడం లేదు.

మరి ఫాస్ఫేట్ రంగంలో మనవాళ్లకు చోటెక్కడ? గనిలో కంటే ఫ్యాక్టరీలోనే ఎక్కువ. మన దేశంలో రాక్ ఫాస్ఫేట్, అంటే ఈ ఎరువులకు ముడిసరుకైన ఫాస్ఫేట్ రాయి, తక్కువ. చెప్పుకోదగ్గ పెద్ద గని ఉదయపూర్ దగ్గరి జామర్‌కోట్రా, అది రాజస్థాన్ ప్రభుత్వ సంస్థది. అందుకే రాయి గానీ, తయారైన ఫాస్ఫారిక్ యాసిడ్ గానీ ఓడల్లో దిగుమతి అవుతుంది. విశాఖలో 1967 నుంచి నడుస్తున్న కోరమాండల్ ఎరువుల ఫ్యాక్టరీ ఉంది, కాకినాడలోనూ వాళ్లదే ఇంకొకటి ఉంది. ఆ కంపెనీ 2022లో సెనెగల్‌లోని ఒక ఫాస్ఫేట్ గనుల కంపెనీలో 45 శాతం వాటా కూడా కొంది.

ఒడిశాలో పారాదీప్ ఫాస్ఫేట్స్ అనే ఎరువుల కంపెనీ ఉంది. 1981లో మన ప్రభుత్వం, నౌరూ అనే చిన్న ద్వీప దేశం కలిసి పెట్టాయి. 2002లో దాని మెజారిటీ వాటా కొన్నది మన జువారీ, మొరాకో ఓసీపీ కలిసి పెట్టిన కంపెనీ. అంటే ఓసీపీ డబ్బు పెట్టిన చోట పనిచేయడానికి మొరాకో దాకా పోనక్కర్లేదు, పారాదీప్ చాలు! జోర్ఫ్ లాస్ఫర్‌లో చంబల్, టాటా కెమికల్స్ సంస్థలకు ఓసీపీతో ఉమ్మడి యాసిడ్ ఫ్యాక్టరీ ఉంది. జోర్డాన్‌లో అక్కడి ఫాస్ఫేట్ గనుల కంపెనీతో కలిసి ఇఫ్కో ఇంకొకటి పెట్టింది. ఇలాంటి చోట్లకు వెళ్లేది ఇక్కడ కొన్నేళ్లు ప్లాంటు నడిపి చేయి తిరిగినవాళ్లు.

ఆ పనేమిటో చెబుతాను, ఎందుకంటే మీ అమ్మాయి ఇష్టం ఇక్కడే లెక్కలోకి వస్తుంది. రాయిని సల్ఫ్యూరిక్ యాసిడ్‌తో కలిపితే ఫాస్ఫారిక్ యాసిడ్, జిప్సం వస్తాయి. జిప్సాన్ని వడకట్టి, యాసిడ్‌ను చిక్కబరిచి, అమ్మోనియా కలిపితే డీఏపీ ఎరువు. పుస్తకంలో రెండు సమీకరణాలు, ప్లాంటులో ఇరవై నాలుగు గంటల యుద్ధం. రాయి మారితే అన్నీ మారిపోతాయి. మొరాకో రాయి ఒకలా, జోర్డాన్ రాయి మరోలా కరుగుతుంది. నురగ పొంగుతుంది, పైపుల్లో పొలుసు కడుతుంది, ఫిల్టర్ గుడ్డ మూసుకుపోతుంది. జిప్సం స్ఫటికాలు సరిగ్గా ఎదగకపోతే ఫాస్ఫేట్ దాంతోపాటే పారబోసే జిప్సం గుట్ట మీదికి పోతుంది, అదంతా నష్టమే. ల్యాబ్ రిపోర్టు చూసి యాసిడ్ మోతాదు ఎంత మార్చాలో చెప్పగల ఇంజినీరు ఏ దేశంలోనైనా పనికొస్తుంది. నైట్ షిఫ్టులు, యాసిడ్ ఆవిర్లు, ఫ్లోరిన్ వాయువులు ఉంటాయి, అది దాచడం లేదు. కానీ ఓపెన్‌కాస్ట్‌లో పనిచేసే ఇంట్లో దుమ్ముకీ షిఫ్టులకీ కొత్తగా భయపడేదేముంది?

మైనింగ్‌ను తక్కువ చేయడం నా ఉద్దేశం కాదు. సింగరేణి, కోల్ ఇండియా, ఎన్ఎండీసీ, హిందుస్థాన్ జింక్ లాంటి చోట్ల అది గట్టి చదువు. గని మేనేజరుగా పనిచేయడానికి కావాల్సిన ఫస్ట్ క్లాస్ మేనేజర్ సర్టిఫికెట్ వస్తే మన దేశంలో మంచి విలువ. 2019లో ఆడవాళ్లు ఓపెన్‌కాస్ట్‌లో రాత్రి షిఫ్టుల్లోనూ, భూగర్భ గనుల్లో పగటిపూట సాంకేతిక, పర్యవేక్షణ పనుల్లోనూ చేరడానికి వాళ్ల సమ్మతి మీద అనుమతి వచ్చింది. అమ్మాయికి గనులంటే నిజంగా ఇష్టముంటే పంపండి. అయితే అప్పుడు అది బొగ్గు, ఇనుము, జింకుల కోసం. మొరాకో ఫాస్ఫేట్ కోసమైతే మాత్రం కాదు.

కెమికల్ తీసుకుంటే, సెలవుల్లో మీ పక్కనే రామగుండంలో ఉన్న ఆర్‌ఎఫ్‌సీఎల్‌లో ఇంటర్న్‌షిప్‌కు కాలేజీ లెటర్‌తో అడగమనండి. అక్కడ చేసేది యూరియా, ఫాస్ఫేట్ కాదు. అయినా కంట్రోల్ రూమ్, అమ్మోనియా, స్టీమ్ లైన్లు దగ్గరగా చూస్తే ఈ బతుకు తనకు నచ్చుతుందో లేదో రెండో ఏడాదికే తెలిసిపోతుంది. మూడో ఏడాదిలో విశాఖ, కాకినాడ, పారాదీప్ ప్రయత్నించాలి. గేట్ కెమికల్ పేపర్ మూడో ఏడాదిలోనే ఒకసారి రాస్తే మంచిది. ఫ్రెంచ్ మీద సరదా ఉంటే నేర్చుకోనివ్వండి, టెన్షన్ పెట్టకండి. పీజీ నాటికి కూడా మొరాకో మీద మోజు తగ్గకపోతే, ఓసీపీ అండతో బెంగరీర్‌లో నడుస్తున్న మొహమ్మద్ 6 పాలిటెక్నిక్ యూనివర్సిటీ ప్రవేశాలు చూడొచ్చు. ఆ దేశంలో అడుగు పెట్టడానికి ఏజెంటు చూపించిన దానికంటే అది మర్యాదైన దారి.

వెబ్ ఆప్షన్లలో కెమికల్ కాలేజీలన్నీ పైన, కొత్తగూడెం మైనింగ్ వాటి కింద పెట్టండి. ఫ్రీజ్ చేసే ముందు వరుసను అమ్మాయి చేతే ఒకసారి చదివించండి.